కొవ్వొత్తి మాస్టారు: మైకేల్ ఫారడే

ఫారడే అనగానే మనలో చాలామందికి గుర్తొచ్చేది ఇంటర్ ఫిజిక్స్‌లో ఒక నియమం, దాంట్లో ఎందుకుందో అర్థం కాని ఒక మైనస్ గుర్తు, ఎంట్రన్స్‌లో ఒకటో రెండో బిట్లు. కెమిస్ట్రీలో ఎలక్ట్రాలిసిస్ దగ్గర ఇంకో రెండు నియమాలు. బీటెక్ ఫస్టియర్ బేసిక్ ఎలక్ట్రికల్‌లో మళ్ళీ అదే పేరు. పరీక్ష అయిపోయాక ఆ పేరు కూడా మెల్లగా మర్చిపోతాం.

కానీ ఆయన జీవితంలో మన సిలబస్‌లోకి రాని పని ఒకటుంది. జనరేటర్‌కి, మోటార్‌కి మూలమైన విషయాలు కనిపెట్టిన ఈ మనిషి, పేరు వచ్చాక కూడా మళ్ళీ మళ్ళీ చిన్నపిల్లల ముందు నిలబడి, నిప్పు ఎలా మండుతుంది, నీళ్ళలో ఏముంటుంది అని ఓపిగ్గా చూపించాడు. పిల్లలకి సైన్స్ ఎలా చెప్పాలి అన్న ప్రశ్నకి నాకు తెలిసినంతలో ఆయన జీవితమే మంచి జవాబు. ఎందుకంటే ఆయనకి చిన్నప్పుడు సైన్స్ ఎవరూ చెప్పలేదు.

బడి లేని పిల్లాడు

మైకేల్ ఫారడే 1791 సెప్టెంబర్ 22న లండన్ దగ్గర న్యూయింగ్టన్ బట్స్ అనే చోట పుట్టాడు. తండ్రి జేమ్స్ కమ్మరి. ఆరోగ్యం అంతంతమాత్రం కావడంతో పని రోజూ ఉండేది కాదు. 1801లో ధరలు బాగా పెరిగిన రోజుల్లో తొమ్మిదేళ్ళ మైకేల్‌కి వారానికి ఒక్క రొట్టె దక్కేది. దాన్నే ఏడు రోజులు సర్దుకోవాలి.

చదువు అంటే చదవడం, రాయడం, కొద్దిగా లెక్కలు. అంతే. ఆ కాస్త బడి కూడా సాఫీగా సాగలేదని చెబుతారు. మైకేల్‌కి ర అనే అక్షరం సరిగ్గా పలికేది కాదు. అది సరిచేయడానికి టీచరమ్మకి తోచిన మార్గం బెత్తం. బెత్తం కొనుక్కురమ్మని మైకేల్ అన్న రాబర్ట్‌కే డబ్బులిచ్చి పంపిందట. రాబర్ట్ ఆ నాణెం విసిరేసి నేరుగా ఇంటికెళ్ళి అమ్మకి చెప్పాడు. అమ్మ ఇద్దరినీ ఆ బడి మాన్పించేసింది. ప్రపంచంలో గొప్ప ప్రయోగశాస్త్రవేత్తల్లో ఒకడైన మనిషికి బడితో ఉన్న అనుబంధం ఇలాంటిది.

1804లో, 13 ఏళ్ళ వయసులో, బ్లాండ్‌ఫోర్డ్ వీధిలో రీబో అనే ఆయన పుస్తకాల షాపులో పనికి చేరాడు. మొదట పేపర్లు వేసే కుర్రాడు. ఏడాది తర్వాత బుక్ బైండింగ్ నేర్చుకునే అప్రెంటిస్. ఏడేళ్ళ ఒప్పందం. పుస్తకాలు కుట్టడం, అట్ట వేయడం, అంచులు కోయడం పని. కానీ కుట్టే పుస్తకాలని ఈ కుర్రాడు చదవడం కూడా మొదలుపెట్టాడు. ఎన్‌సైక్లోపీడియాలో కరెంటు గురించిన వ్యాసం అలాగే దొరికింది. జేన్ మార్సెట్ అనే ఆవిడ కెమిస్ట్రీ మీద రాసిన పుస్తకం కూడా అలాగే చేతికొచ్చింది.

ఈ రెండో పుస్తకం గురించి కాస్త ఆగి చెప్పాలి. అది పాఠంలా ఉండదు. ఒక టీచరు, ఇద్దరు అమ్మాయిలు మాట్లాడుకుంటూ ఉంటారు. పిల్లలు అడుగుతారు, అనుమానపడతారు, మధ్యలో అడ్డుపడతారు. టీచరు జవాబిచ్చి ప్రయోగం చేసి చూపిస్తుంది. ఫారడే దాన్ని చదివి ఊరుకోలేదు. తనకొచ్చే కొద్దిపాటి డబ్బుల్లో నాలుగు పెన్నీలు మిగిల్చుకుని చిన్న చిన్న సామాన్లు కొని, పుస్తకంలో చెప్పింది నిజమో కాదో చేసి చూశాడు. నిజమే అని తేలాకే దాన్ని నమ్మాడు. జీవితాంతం ఆయనకి ఇదే అలవాటు. ఎవరైనా కొత్త ప్రయోగం గురించి చెబితే తన చేత్తో మళ్ళీ చేసుకుని చూస్తే గానీ తృప్తి ఉండేది కాదు. తర్వాత రోజుల్లో తన పరిశోధన పత్రాలు మార్సెట్‌కి పంపేటప్పుడు, ఆవిడే తన మొదటి గురువు అని తలుచుకునేవాడు.

టీచింగ్‌ని గమనించిన ల్యాబ్ అసిస్టెంట్

1812లో షాపుకొచ్చే ఒక పెద్దమనిషి ఫారడేకి రాయల్ ఇన్‌స్టిట్యూషన్‌లో హంఫ్రీ డేవీ ఇచ్చే ఉపన్యాసాలకి టికెట్లు ఇచ్చాడు. నాలుగు ఉపన్యాసాలు విన్నాడు. విన్నదంతా నోట్స్ రాసి, బొమ్మలు వేసి, తనే బైండ్ చేసి డేవీకి పంపాడు. 1813 మార్చిలో అక్కడే ల్యాబ్ అసిస్టెంట్ ఉద్యోగం వచ్చింది. వారానికి 25 షిల్లింగులు, పైన ఉండటానికి రెండు గదులు.

ఇక్కడి దాకా కథ చాలామందికి తెలిసే ఉంటుంది. తక్కువమంది పట్టించుకునే విషయం ఆ తర్వాతి కొన్ని నెలల్లో ఉంది. అసిస్టెంట్‌గా ఆయన పని వేరేవాళ్ళ లెక్చర్లకి సామాన్లు సర్దిపెట్టడం. లెక్చర్ జరుగుతున్నంతసేపూ పక్కనే నిలబడాలి. అప్పుడు ఆయన సబ్జెక్టుతో పాటు చెప్పేవాళ్ళని, వినేవాళ్ళని కూడా గమనించాడు. జనం ఎప్పుడు కదులుతున్నారు, ఎప్పుడు ఆవలిస్తున్నారు, ఎప్పుడు ముందుకు వంగి చూస్తున్నారు. ఆ ఏడాది స్నేహితుడు అబ్బాట్‌కి వరసగా ఉత్తరాలు రాశాడు. గదిలో గాలి ఆడాలి. బల్ల మీద వస్తువు వెనక వరసకి కూడా కనిపించాలి. చెప్పేవాడు కాగితం చూసి చదవకూడదు, వినేవాళ్ళకి వీపు చూపించకూడదు, తొందరపడకూడదు. గంట దాటకూడదు. అప్పటికి ఆయన వయసు 21. మన సీనియర్ల వయసు! ఇప్పటి మన క్లాసుల్లో స్లయిడ్లు చూసి చదివే పద్ధతిని ఆయన చూసి ఉంటే ఇంకో ఉత్తరం రాసేవాడు.

తర్వాత తనే లెక్చర్లు ఇవ్వడం మొదలుపెట్టినప్పుడు మాట్లాడే పద్ధతి కోసం ట్యూషన్ పెట్టించుకున్నాడు. తన తప్పులు రాసిపెట్టమని ఒక స్నేహితుణ్ణి కూర్చోబెట్టుకున్నాడు. మెల్లగా మాట్లాడమని గుర్తు చేసే కార్డు ఒకటి, టైమ్ అయిపోతోందని చెప్పే కార్డు ఒకటి కళ్ళ ముందు పెట్టించుకునేవాడు.

ఆయన పెట్టుకున్న ఇంకో నియమం నాకు బాగా నచ్చింది. వినేవాళ్ళకి ఏదీ ముందే తెలుసని అనుకోకూడదు. చెవికి చెప్పేది కంటికి కూడా చూపించాలి. చెయ్యి వదిలితే రాయి కింద పడుతుందని అందరికీ తెలుసు కదా? అయినా ఆ మాట అనేటప్పుడు నిజంగా చెయ్యి వదిలి రాయిని పడనివ్వాలి అంటాడు.

ఆరు రోజులు ఒక్క కొవ్వొత్తి

రాయల్ ఇన్‌స్టిట్యూషన్‌లో క్రిస్మస్ సెలవుల్లో పిల్లల కోసం ఉపన్యాసాలు 1825లో మొదలయ్యాయి. ఫారడే మొదటిసారి ఇచ్చింది 1827లో, కెమిస్ట్రీ మీద. అక్కడి నుంచి 1860-61 దాకా మొత్తం 19 సార్లు ఇచ్చాడు. ఈ మధ్యలోనే 1831లో తీగచుట్టలో అయస్కాంతాన్ని కదిపితే కరెంటు పుడుతుందని కనిపెట్టాడు. అంటే ఈ పని ఖాళీ దొరికితే చేసేది కాదు. తనకి పిల్లలు లేరు కానీ మేనకోడళ్ళతో ఆడుకునేవాడు, వాళ్ళకి బొమ్మలు చేసిపెట్టేవాడు.

ఆఖరిసారి ఎంచుకున్న విషయం కొవ్వొత్తి. అప్పటికి ఆయన వయసు 69. జ్ఞాపకశక్తి బాగా తగ్గింది. ముందు వరసల్లో పిల్లలు, వెనక పెద్దవాళ్ళు, సైంటిస్టులు కూడా కూర్చున్నారు. తను మాత్రం పిల్లలతోనే, తనూ ఒక పిల్లాడిలా మాట్లాడతానని మొదట్లోనే చెప్పేశాడు.

ఆరు లెక్చర్లు. మొత్తం ఒక్క కొవ్వొత్తి చుట్టూ. వరస ఎలా నడిచిందో చూడండి.

ముందు కొవ్వొత్తిని చూడమన్నాడు. మండుతున్నప్పుడు పైన చిన్న గిన్నెలా గుంట పడుతుంది, దాంట్లో కరిగిన మైనం నిలుస్తుంది. ఆ గిన్నె ఎవరు చేశారు? మంట వేడికి గాలి పైకి పోతుంటే, పక్కల నుంచి వచ్చే చల్లగాలి అంచుని చల్లగా ఉంచుతుంది. మధ్యలో కరుగుతుంది, అంచు నిలుస్తుంది. తర్వాత గీతలూ చారలూ పెట్టిన అందమైన కొవ్వొత్తి ఒకటి వెలిగించాడు. అది సరిగ్గా మండలేదు, మైనం పక్కలకి కారిపోయింది, ఎందుకంటే అంచు సమంగా లేదు. ఇలా పని పాడైన చోట కూడా పాఠం ఉందని చూపించాడు. కొత్తది ఏం జరిగినా, ఇది ఎందుకైంది, కారణం ఏంటి అని అడగడం మర్చిపోవద్దని పిల్లలకి చెప్పాడు.

కరిగిన మైనం వత్తి పైకి ఎలా ఎక్కుతుంది? పళ్ళెంలో ఉప్పుని స్తంభంలా నిలబెట్టి, కింద నీలం రంగు ద్రవం పోశాడు. ఆ నీలం మెల్లగా ఉప్పులోంచి పైకి ఎక్కింది. బేసిన్ అంచు మీద తువ్వాలు వేసి వదిలేస్తే నీళ్ళు తువ్వాలు పట్టుకుని బయటికి రావడం కూడా ఇదే అన్నాడు. మనవాళ్ళకైతే ప్రమిదలో వత్తి చాలు. నూనె కింద ఉంటుంది, మంట పైన కొసలో ఉంటుంది. రోజూ చూసే దీపమే, కానీ నూనె పైకి ఎలా వెళ్ళింది అని ఎంతమంది అడిగి ఉంటాం?

తర్వాత మంటలో అసలు మండేది ఏంటి? కొవ్వొత్తిని నెమ్మదిగా ఆర్పితే తెల్లటి పొగ లేస్తుంది. వత్తికి రెండు మూడు అంగుళాల పైన, ఆ పొగలో వెలుగుతున్న పుల్ల పెడితే మంట గాల్లోంచి దూకి వత్తిని మళ్ళీ అంటుకుంటుంది. మండుతున్నది మైనం ఆవిరి అని పిల్లాడు కళ్ళతో చూసేస్తాడు. మంట మధ్యలోకి గాజు గొట్టం పెట్టి, ఆ ఆవిరిని ఇంకో చివరికి తెచ్చి అక్కడ వెలిగించి చూపించాడు. మంట మీద అడ్డంగా కాగితం పెట్టి తీస్తే మసి రింగులా పడింది, మధ్యలో కాగితం తెల్లగానే ఉంది. మంటలో వేడి ఎక్కడుందో కాగితమే చెప్పింది.

మంట మీద చల్లటి గిన్నె పట్టాడు. గిన్నె అడుగున నీటి బొట్లు. నిప్పులోంచి నీళ్ళు! అక్కడి నుంచి నీళ్ళలో ఉన్న హైడ్రోజన్‌కి, ఆక్సిజన్‌కి, గాలికి వెళ్ళాడు. చివర్లో కార్బన్ డయాక్సైడ్. మంట మీద నుంచి పట్టిన గాలి సున్నపు తేటని తెల్లగా చేస్తుంది. మనం ఊదిన ఊపిరి కూడా అదే సున్నపు తేటని తెల్లగా చేస్తుంది. అంటే మన ఒంట్లో కూడా ఒక నెమ్మదైన మంట నడుస్తోంది. మనం వదిలినది చెట్టు తీసుకుంటుంది. బల్ల మీది కొవ్వొత్తితో మొదలైనవాళ్ళు ఆరో రోజుకి తమ ఊపిరి దగ్గరికి, తోటలోని చెట్టు దగ్గరికి వచ్చేశారు. మీరు కూడా కొవ్వొత్తిలా చుట్టూ ఉన్నవాళ్ళకి వెలుగు ఇవ్వాలని కోరుకుంటూ ముగించాడు.

ఇవన్నీ మన స్కూల్ పుస్తకాల్లో కూడా ఉన్నాయి. కాకపోతే వేరే వేరే క్లాసుల్లో, వేరే వేరే చాప్టర్లలో, ముందు నిర్వచనం, తర్వాత బొమ్మ, చివర ఖాళీలు పూరించండి. ఇంగ్లీష్ మీడియంలో చదివిన మాకు కంబస్షన్ స్పెల్లింగ్ ముందు వచ్చింది, మంటని సరిగ్గా చూడటం ఇంకా రావాలి. ఫారడే దగ్గర వరస తిరగబడి ఉంటుంది. వస్తువు ముందు, ప్రశ్న తర్వాత, ప్రయోగం ఆ తర్వాత. పేరు అన్నిటికంటే చివర.

పిల్లల పద్ధతి, పెద్ద కనుగోలు

ఇలా చెప్పడం పిల్లల కోసం తగ్గించి చెప్పడం అనుకుంటే పొరపాటు. ఫారడేకి పై లెక్కలు రావు. పెద్ద సమీకరణాలు చదవలేకపోయేవాడు. ఆయన ఆలోచించిందే బొమ్మల్లో. అయస్కాంతం మీద కాగితం పెట్టి ఇనుప రజను చల్లితే గీతలు కనిపిస్తాయి కదా, మూడో క్లాసు పిల్లాడు కూడా చేయగలిగిన పని. ఆ గీతల్ని ఆయన సీరియస్‌గా తీసుకున్నాడు. అయస్కాంతం చుట్టూ ఖాళీగా కనిపించే చోట నిజంగా ఏదో ఉందని పట్టుబట్టాడు. లెక్కలొచ్చిన పెద్దలు చాలామంది ఒప్పుకోలేదు. తర్వాత మాక్స్‌వెల్ ఆ బొమ్మల్నే సమీకరణాలుగా మార్చాడు. ఈరోజు మన వైఫై నడిచేది వాటి మీదే. పిల్లలకి నేర్పిన పద్ధతి, తను కనిపెట్టిన పద్ధతి ఆయనకి రెండు కాదు.

బల్లలు తిరిగిన ఏడాది

ఇంతకీ చిన్నప్పుడే ఇదంతా ఎందుకు నేర్పాలి? అందరూ సైంటిస్టులు అవ్వరు కదా? దీనికి జవాబు 1853లో దొరికింది.

ఆ ఏడాది ఇంగ్లండ్‌లో ఒక పిచ్చి పట్టుకుంది. నలుగురు బల్ల చుట్టూ కూర్చుని దాని మీద చేతులు పెడితే బల్ల దానంతట అదే తిరుగుతుంది. ఆత్మలు అన్నారు కొందరు, కరెంటు అన్నారు కొందరు. చదువుకున్నవాళ్ళు, పెద్ద కుటుంబాలవాళ్ళు కూడా నమ్మారు. ఫారడే వాళ్ళని వెక్కిరించలేదు. ఒక చిన్న పరికరం చేశాడు. రెండు పలకలు, మధ్యలో దొర్లే గాజు కడ్డీలు, పై పలక ఏమాత్రం జరిగినా చూపించే ఒక పొడవాటి పుల్ల. చేతులు పై పలక మీద పెట్టమన్నాడు. బల్ల కంటే ముందు చేతులే కదులుతున్నాయని పుల్ల చూపించింది. కూర్చున్నవాళ్ళు మోసం చేయట్లేదు, తమకి తెలియకుండానే తోస్తున్నారు. ఇంకా విచిత్రం ఏంటంటే, ఆ పుల్ల కళ్ళ ముందు కనిపిస్తుంటే వాళ్ళ చేతులు ఆగిపోయాయి, బల్ల తిరగడం మానేసింది.

ఆ ఫలితాన్ని పేపర్లో అచ్చు వేయించాడు. అయినా చాలామంది నమ్మలేదు, తిట్టారు కూడా. ఆయన్ని బాధపెట్టింది ఆత్మల నమ్మకం ఒక్కటే కాదు. ఇంత చదివినవాళ్ళకి ఒక మాట నిజమో కాదో ఎలా చూసుకోవాలో ఏ బడీ నేర్పలేదు. మరుసటి ఏడాది 1854లో దీని మీదే పెద్ద ఉపన్యాసం ఇచ్చాడు. మనకి ఇష్టమైనదాన్నే మనం తొందరగా నమ్మేస్తాం, కాబట్టి మన తీర్పుని మనమే అనుమానించడం నేర్చుకోవాలి అన్నది దాని సారం. వాట్సాప్ ఫ్యామిలీ గ్రూపులో రోజూ వచ్చే ఫార్వర్డ్‌లు చూస్తే ఆ ఉపన్యాసం పాతబడిందని నాకైతే అనిపించదు.

1862లో ఇంగ్లండ్‌లోని పెద్ద పెద్ద స్కూళ్ళ మీద ప్రభుత్వం వేసిన కమిషన్ ఆయన్ని పిలిచింది. ఆ స్కూళ్ళలో గ్రీకు, లాటిన్ తప్ప సైన్స్ దాదాపు లేదు. ఫారడే సూటిగా చెప్పాడు. గొప్ప చదువులు చదివినవాళ్ళు తన దగ్గరికి వస్తారు, కానీ చుట్టూ ఉన్న ప్రకృతి గురించి చిన్న సంగతి కూడా తెలియదు. పిల్లలకి అర్థం కాదు అనే వాదన ఆయన ఒప్పుకోలేదు. తను చెప్పినదాన్ని అర్థం చేసుకోలేనంత చిన్న పిల్లలు తనకి ఎప్పుడూ తగల్లేదని, లెక్చర్ అయ్యాక వాళ్ళు వచ్చి అడిగే ప్రశ్నలే అందుకు సాక్ష్యమని చెప్పాడు.

ఇక్కడ ఒక చేదు నిజం కూడా చెప్పుకోవాలి. రాయల్ ఇన్‌స్టిట్యూషన్ హాల్లోకి వెళ్ళాలంటే డబ్బు కట్టాలి. అక్కడ కూర్చున్నది ఎక్కువగా ఉన్నవాళ్ళ పిల్లలు. 1855లో యువరాజులు కూడా వచ్చారు. వారానికి ఒక్క రొట్టె తినే కమ్మరి కొడుక్కి ఆ తలుపు తెరుచుకోవాలంటే ఎవరో ఒకరు టికెట్ ఇవ్వాలి. అందరు పిల్లలకీ బడి కోసం ఇంగ్లండ్‌లో చట్టం వచ్చింది 1870లో. ఫారడే 1867 ఆగస్టు 25నే పోయాడు. సర్ బిరుదు వద్దన్నాడు, రాయల్ సొసైటీ అధ్యక్ష పదవి వద్దన్నాడు. పిల్లల లెక్చర్లు మాత్రం ఒంట్లో ఓపిక ఉన్నంతవరకు వదల్లేదు.

టికెట్ లేనివాళ్ళకి

ఆ టికెట్ సమస్యని కొంతవరకు ఒక పుస్తకం తీర్చింది. కొవ్వొత్తి లెక్చర్లని విలియం క్రూక్స్ అనే సైంటిస్టు 1861లో పుస్తకంగా తెచ్చాడు. దాదాపు వందేళ్ళ తర్వాత జపాన్‌లో ఒక ప్రాథమిక పాఠశాల టీచరు ఆ పుస్తకం చదవమని ఒక పిల్లాడికి చెప్పారు. ఆ పిల్లాడు చదివాడు. కొవ్వొత్తి ఎందుకు మండుతుందో తెలుసుకున్నాడు, కెమిస్ట్రీ మీద ఇష్టం పెంచుకున్నాడు. ఆయన పేరు అకిరా యోషినో. లిథియం అయాన్ బ్యాటరీ తయారుచేసినందుకు 2019లో ఇంకో ఇద్దరితో కలిసి నోబెల్ అందుకున్నాడు. మీరు ఇది చదువుతున్న ఫోన్ వెనకో, ల్యాప్‌టాప్ వెనకో ఒక ప్రైమరీ స్కూల్ టీచరు ఉన్నారన్నమాట.

మనం సీఎస్‌ఈ వాళ్ళం. చిన్నపిల్లలకి సైన్స్ అనగానే మన బుర్ర యాప్ వైపు, యానిమేషన్ వైపు, ట్యాబ్ వైపు పోతుంది. అవి చెడ్డవని కాదు. కానీ తెర మీద కొవ్వొత్తి ఎప్పుడూ మనం రాసిన కోడ్ ప్రకారమే మండుతుంది. అది పక్కకి కారిపోదు, గాలికి ఆరిపోదు, పిల్లాడు అనుకోని ప్రశ్న పుట్టించదు. నిజం కొవ్వొత్తి పుట్టిస్తుంది.

దగ్గర్లోని గవర్నమెంట్ స్కూల్‌కి వాలంటీర్‌గా వెళ్ళే ఫ్రెండ్స్‌కి ఒక చిన్న సూచన. నాలుగు, అయిదు తరగతుల పరిసరాల విజ్ఞానం పీరియడ్ ఒక్కటి అడగండి. ఒక కొవ్వొత్తి, అగ్గిపెట్టె, స్టీలు గిన్నె, చల్లటి నీళ్ళు. కిళ్ళీ కొట్టులో దొరికే సున్నం కొంచెం నీళ్ళలో కలిపి రాత్రంతా కదపకుండా ఉంచితే పొద్దునకి పైన తేట తేరుతుంది, దాన్ని వేరే గ్లాసులోకి వంచుకోండి. వెలిగించే పని మీరే చేయండి, పక్కన బకెట్ నీళ్ళు పెట్టుకోండి. సున్నపు తేటలోకి స్ట్రాతో నెమ్మదిగా ఊదాలి తప్ప పీల్చకూడదు అని పిల్లలకి రెండుసార్లు చెప్పండి, అది కంట్లో పడకుండా చూసుకోండి. గిన్నె అడుగున చెమ్మ కనిపించినప్పుడు, తేట తెల్లబడినప్పుడు వెంటనే పేరు చెప్పేయకండి. కాసేపు ఆగండి. ఎవరో ఒకరు ఎందుకు అని అడుగుతారు. పాఠం అక్కడ మొదలుపెట్టండి.